నాయన పడుకున్న గుడ్డ

ఐరాల సలోమి కెమెరా లేకుండా ఫోటోలు తీసేది. రసాయనం పూసిన గుడ్డపై మనిషిని ఎండలో పడుకోబెడితే, గుడ్డంతా నీలంగా మారి, మనిషి ఉన్నచోటు తెల్లగా మిగిలేది. మనిషి లేచిన వెంటనే గుడ్డను నీళ్లలో ముంచకపోతే ఆ తెలుపూ నీలమైపోయేది.

తిరుపతిలో ప్రదర్శన కోసం, మే నెల మిట్టమధ్యాహ్నం, తండ్రి ఓబయ్యను మిద్దె మీద పడుకోబెట్టింది. ఆయనకు డెబ్భై ఏళ్లు, పైగా ఆయాసం. ఇరవై నిమిషాలు కదలకూడదు. మొదటిసారి దగ్గొచ్చి కదిలాడు. బొమ్మ చెదిరిపోయింది.

"ఇంక సాలు పాపా, ఈపు కాల్తా ఉండాది," అన్నాడు.

"ఇంకొక్కసారి నాయనా. దగ్గు ఆపుకో," అంటూ ఆమె కొత్త గుడ్డ పరిచింది.

ఆయన ఆపుకున్నాడు. సమయం అయ్యాక ఆమె పిలిస్తే లేవలేదు. ఎండకు పాడవుతుందని, ఆయన్ను పక్కకు దొర్లించి ముందు గుడ్డను నీళ్లలో ముంచింది. ఆ తర్వాతే తమ్ముడు దానియేలును కేకేసింది. వడదెబ్బతో మూడో రోజు ఓబయ్య చనిపోయాడు.

ప్రదర్శనలో అందరూ ఆ గుడ్డ ముందే ఆగారు.

"ఇంత కదలకుండా ఎట్ల పడుకున్నాడమ్మా?" అని ఒక పెద్దాయన ఆశ్చర్యపోయాడు.

"మా నాయన శానా మంచోడు సార్. చెప్పిన మాట ఇంటాడు," అంది సలోమి.

పక్కనే ఉన్న దానియేలు బయటికి వెళ్లిపోయాడు. ఆమె అటు చూడలేదు. పెద్దాయన ఇంకేదో అడుగుతున్నాడు.