కందగడ్డ ఆలుగడ్డ కాదు

అశోక్‌నగర్‌లో మా ఇంటి యజమానురాలికి కీళ్ల నొప్పులు. ఆలుగడ్డ జాతివి నొప్పులు పెంచుతాయని ఎవరో చెప్తే ఆమె వంకాయ, టమాట, ఆలుగడ్డలతోపాటు తనకెంతో ఇష్టమైన కందగడ్డను, అంటే చిలగడదుంపను కూడా పదేళ్ల క్రితమే మానేసింది. కోచింగ్ సెంటర్‌లో వృక్షశాస్త్రం చెప్పే నాకు ఈ సంగతి ఆమె మంచం పట్టాకే తెలిసింది.

“ఆలుగడ్డ, వంకాయ, టమాట ఒక కుటుంబం. కందగడ్డ వేరే అక్కా, అది తూటికూర కుటుంబం. పేరులో గడ్డ ఉన్నదంతే,” అన్నాను.

“గట్లనా సారూ? ఇన్నేండ్లు ఊకెనే నోరు కట్టుకున్ననా?” అంది.

చిక్కడపల్లి నుంచి దుంపలు తెచ్చి, ఉడికించి, మెత్తగా పిసికి చెంచాతో పెట్టాను. అప్పటికి ఆమెకు గంజి కూడా దిగడం లేదు. నోట్లో కాసేపు ఉంచుకుని, మింగలేక, కొంగులోకి ఉమ్మేసింది.

నాలుగు రోజులకు పోయింది. ఆ ఇంట్లో ఆరేళ్లున్నాను. ఏం తింటారక్కా అని ఒక్కసారీ అడగలేదు.