మనసులో అనుకున్న ముక్క

ఇవాళ హైటెక్ సిటీలో మా ఆఫీసులో పక్క సీటమ్మాయి ఒక వెబ్‌సైట్ చూపించింది. మౌస్ కదిపితే చాలు, స్క్రీనంతా కోళ్లు పరిగెడతాయి. ఎందుకూ అంటే ఊరికే.

నాకు లింగంపల్లిలో మా చిన్నప్పటి హాలు గుర్తొచ్చింది. కంప్యూటర్ మీద దుమ్ము పడకుండా అమ్మ కుట్టిన పూల గుడ్డ, నెట్ కలిసేటప్పుడు ఆ కీచు గోల. మీ ఇంట్లోనూ అంతే కదా? ఆరు పేకముక్కలు చూపించి, ఒకటి మనసులో అనుకోమనే సైటు గుర్తుందా? నొక్కగానే ఐదే మిగిలేవి.

అమ్మ ఆఠీన్ రాణి అనుకుంది. అదే మాయమైంది.

"దీనికెలా తెలిసిందే?" అంది.

"ముక్కలన్నీ మార్చేస్తారమ్మా. నువ్వు ఏది అనుకున్నా అది ఉండదు" అన్నాను. నమ్మలేదు. ఇక ఆ గుడ్డ దుమ్ముకి కాదు, "మనసులో మాట లాగేస్తుంది" అని కప్పేది. మేం నవ్వేవాళ్లం.

పోయిన వారం నార్సింగిలో మా ఫ్లాట్లో అమ్మ పక్కింటావిడతో మిక్సీ పాడైందని చెప్పింది. సాయంత్రానికి తన ఫోన్ నిండా మిక్సీల యాడ్లే. అమ్మ బీరువాలోంచి ఆ పాత గుడ్డ తీసి ఫోన్ మీద కప్పింది.

నేను చేసేది యాప్‌ల ఉద్యోగమే. నా ఫోన్ కూడా తెచ్చి ఆ గుడ్డ కిందే పెట్టాను.