బాబాయి పెట్టెలో చీమలు

మా చిన్నప్పుడు... మా బాబాయి నా వేళ్ళు విరిచేస్తానన్నాడు. అన్నంత పనీ చేసే మనిషి.

ఓడలో ఉద్యోగం ఆయనది. వస్తూ వస్తూ వీడియో గేమ్ పెట్టె తెచ్చాడు. చోడవరంలో మా వీధి మొత్తానికి అదొక్కటే. మళ్ళీ డ్యూటీకి వెళ్తూ మా ఇంట్లో పెట్టి, అడుగున స్క్రూ మీద అంటించిన కాగితం సీలు చూపించాడు.

"ఆడుకో. సీలు సిరిగిందో... ఏళ్ళు ఇరిసేస్తాను ఒరే!"

దాంతో వచ్చిన డిస్కులు రెండే. అనకాపల్లిలో దొరికే కాపీ డిస్కు పెడితే మొహం తిప్పేసేది. లోపల చిన్న చిప్పు అతికిస్తే అన్నీ ఆడతాయని, రేడియోలు బాగుచేసే సూరిబాబు నా చెవిలో వేశాడు. ఊరందరినీ ఆటపట్టించేవాణ్ణి... పెట్టెని వదుల్తానా?

సీలు చింపేశాను.

సరిగ్గా టంకం పెట్టే వేళకి కరెంటు పోయింది. పెట్టె పట్టుకుని మా ఇంట్లోవాళ్ళు బెల్లం వండే పొయ్యి దగ్గరికి పరుగు. సూరిబాబు ఇనుప కడ్డీ నిప్పుల్లో కాల్చి, వెంట్రుకల్లాంటి వైర్లు అతికించాడు. పాకం నాకిన చేతుల్తో నేను లోపలి సర్క్యూట్ పలక పట్టుకున్నాను.

"సెయ్యి వణికిందంటే పెట్టె సచ్చూరుకుంటాదిరా గుంటడా!"

వణక్కుండా ఎలా ఉంటుంది?

కరెంటొచ్చాక కాపీ డిస్కు ఆడింది! వారం రోజులు వీధికి నేనే రాజుని.

ఎనిమిదో రోజు బాబాయి దిగాడు. పెట్టె ఒళ్ళో పెట్టుకుని మూత ఎత్తాడు... ఎర్రచీమలు. బారుగా.

"ఇందులో ఏటుందనొచ్చేయిరా ఇవి?"

"ఆట తియ్యగా ఉంటాది కదా బాబాయ్..."

నవ్వలేదు. పెట్టె తిరగేసి చిరిగిన సీలు చూశాడు. స్క్రూడ్రైవర్ తెమ్మన్నాడు. నా ఉరితాడు నేనే తెచ్చిచ్చాను. విప్పితే చిప్పు... పక్కనే బెల్లం మరకలో నా బొటనవేలి ముద్ర.

"సెయ్యి సాపు."

చాపి, కళ్ళు మూసుకున్నాను. లాగు తడిసింది... ఇప్పుడు చెప్పుకోడానికి సిగ్గేంటి!

అరచేతిలో ఏదో పడింది. కళ్ళు తెరిస్తే, కాపీ డిస్కుల కట్ట.

"రేవులో కొనీసేను. పెట్టె విప్పడానికి నాకే దైర్నం సాల్లేదు... ఇవి ఆడతాయేటి?"

ఆడాయి. చెవి మాత్రం మెలిపెట్టాడు.

ఇప్పుడు మా అబ్బాయి ఫోనుకి స్క్రూ ఎక్కడుందో కూడా కనబడదు. విప్పేదీ లేదు, వణికేదీ లేదు... నాకు మాత్రం చీమల బారు చూస్తే ఈ రోజుకీ చెయ్యి దానంతటదే వెనక్కి పోతుంది.

మీరెవరి సామాను విప్పి వేళ్ళు లెక్కపెట్టుకున్నారు? కింద రాయండి... అబద్ధాలొద్దు!