పారాణి నుయ్యి

1953లో నన్ను తాడేపల్లిగూడెం నుంచి ఏలూరుకు బదిలీ చేశారు. హోదా శానిటరీ ఇన్‌స్పెక్టరు, రెండో తరగతి. నేను చెప్పబోయే సంగతి 1955 మే నెలలో జరిగింది. కలెక్టరుగారితో సహా నలభై మంది పెద్దమనుషుల్ని వెంటబెట్టుకుని ఒక సాయంకాలం ఏలూరు పాత సందులన్నీ తిప్పాను. ఏ మలుపులో ఏ దయ్యం ఉందో, ఏ గోడ వెనక ఎవరు ఏడుస్తారో చూపించాను. ఇప్పుడు పెద్ద నగరాల్లో టిక్కెట్టు పెట్టి మరీ ఇటువంటి షికార్లు తిప్పుతున్నారట. తిప్పుకోనివ్వండి. ఆ విద్యకు ఆద్యుణ్ణి మాత్రం నేనే.

ఆ రోజుల్లో శానిటరీ ఇన్‌స్పెక్టరంటే ఏమిటో ఇప్పటివాళ్ళకు తెలియదు కాబట్టి కాస్త చెబుతాను. పైన హెల్త్ ఆఫీసరు, ఆయన డాక్టరు. కింద మేస్త్రీ, ఆ కింద పనివాళ్ళు. మధ్యలో మేము. ఖాకీ చొక్కా, ఖాకీ నిక్కరు, నెత్తిన టోపీ. జనన మరణాల రిజిస్టరు సరిచూడటం, చేపల బజారులో కుళ్ళిన సరుకు పారబోయించడం, మురుగు తీయించడం, టీకాలవాడి వెనక తిరగడం మా పని. ఎండాకాలం వచ్చిందంటే వీటన్నిటికన్నా ముఖ్యమైనది నూతుల్లో మందు వేయించడం. మా జిల్లాలో ఎండాకాలంలో కాలువలు కట్టేస్తారు. లాకులు మూసి, పూడిక తీసి, మళ్ళీ జూన్‌లో నీళ్ళు వదులుతారు. ఆ నెలన్నర రోజులూ కాలువలో నీరు మడుగులు మడుగులుగా నిలిచిపోతుంది. కలరా పుట్టేది అక్కడే. అందుకని జనాన్ని కాలువకు పోనివ్వకుండా నూతి నీళ్ళు తాగించడమే మా యుద్ధమంతా.

సరే, షికారు సంగతి. విశాఖపట్నం నుంచి ఒక లెక్చరరుగారు జానపద కథలు సేకరించడానికి వచ్చారు. దయ్యాల కథలంటే ఆయనకు మరీ ఇష్టం. ఊళ్ళో ప్రతి సందూ తెలిసినవాడు ఎవరని ఆయన అడిగితే, మా పై అధికారి నా పేరు చెప్పారు. అయిదు గంటలకు బయల్దేరి దీపాలు పెట్టేవేళకు ముగించాలని, ఆయన్ని రాత్రి రైలు ఎక్కించాలని నాకు ఉత్తర్వు. వచ్చినవాళ్ళు ఆ లెక్చరరుగారు, ఆయన స్నేహితులిద్దరు, హైస్కూలు తెలుగు మాస్టారొకరు. నాతో కలిపి అయిదుగురం. నలభై మంది లేరు. కలెక్టరుగారు ఆ నెలలో ఊళ్ళోనే లేరు. ముందే చెప్పేస్తే మీరు చదవరని అలా రాశాను.

కోటదిబ్బ దగ్గర మొదలుపెట్టాను. అక్కడ తల లేని రౌతు గుర్రం మీద తిరుగుతాడన్న కథ చెప్పాను. లెక్చరరుగారు మర్యాదగా విని, ఇదే రౌతును రాజమండ్రిలోనూ చూశామన్నవాళ్ళు ఉన్నారని చెప్పారు. అక్కణ్ణుంచి లాకు దగ్గరికి తీసుకెళ్ళాను. మునిగిపోయిన పడవవాడు మసక వెలుతురులో వచ్చి తలుపు తియ్యమని కేకలు పెడతాడన్నాను. అది మరో రెండు లాకుల దగ్గర విన్నానన్నారు. మాస్టారు నా మీద జాలిపడి కొల్లేటి కొరివి దయ్యాల సంగతి ఎత్తారు. ఎండాకాలంలో నీరు ఇంకిపోయిన బురద మీద చీకటిపడ్డాక దీపాలు నడుస్తాయని. అది బురదలో పుట్టే వాయువని లెక్చరరుగారు తేల్చేసి కలం మూసి జేబులో పెట్టుకున్నారు.

ఆ కలం జేబులోకి వెళ్ళడం నాకు చిన్నతనమనిపించింది. అప్పటికి నాకు ఇరవయ్యారేళ్ళు.

అక్కణ్ణుంచి మేం చేపలవాళ్ళ వీధిలోకి తిరిగాం. కొల్లేటి లంకల నుంచి వచ్చి స్థిరపడ్డ పాతిక ముప్ఫై కుటుంబాలు. మగవాళ్ళు లంకలకు పోయి కావిళ్ళతో చేపలు తెస్తారు, ఆడవాళ్ళు గంపల్లో పెట్టుకుని బజారులో అమ్ముతారు. వీధి మధ్యన ఒకే ఒక నుయ్యి. ఆ సాయంత్రం ఆ నూతికి మందు వేసే వంతు. మా మేస్త్రీ వీరాస్వామి అప్పటికే పని మొదలుపెట్టాడు. నాకన్నా ఇరవై ఏళ్ళు పెద్దవాడు, పని తెలిసినవాడు.

మందు వేయడానికి ఒక పద్ధతి ఉంది. నూతి వెడల్పూ, నీటి లోతూ కొలిచి మోతాదు కట్టాలి. సాయంత్రం ఆడవాళ్ళు ఆఖరి బిందె తోడుకున్నాక, మందు బకెట్టులో కలిపి, నూతిలో దింపి పైకీ కిందికీ పదిసార్లు లాగాలి. రాత్రంతా వదిలెయ్యాలి. ఎర్ర మందైతే, పొద్దున్నకు నీళ్ళు లేత గులాబి రంగులో ఉంటే మందు ఇంకా బతికి ఉందని గుర్తు, నిర్భయంగా తాగొచ్చు. రంగు లేకపోతేనే భయం. ప్రతి ఏడూ మేం వేసేది తెల్ల పొడి. ఆ ఏడు అది నిండుకుని పర్మాంగనేటు అనే ఎర్ర మందు పంపించారు. చిటికెడు పడితే చాలు, నీళ్ళు ఎర్రబారిపోతాయి. కొత్త మందు కాబట్టి ముందు వీధిలో దండోరా వేయించి, రంగు చూసి భయపడొద్దని చెప్పి, ఆ తరువాతే వేయాలని హెల్త్ ఆఫీసరుగారి సర్క్యులరు. లెక్చరరుగారి హడావుడిలో నేను ఆ దండోరా మర్నాటికి వాయిదా వేశాను.

వీరాస్వామి బకెట్టు పైకి లాగాడు. పడమటి వెలుతురు ఇంకా కాస్త ఉంది. బకెట్టులో నీళ్ళు ఎర్రగా కదిలాయి. వీధివాళ్ళు పదిహేను ఇరవై మంది, బజారులో చేపలమ్మే నాగమ్మ, ఆమె భర్త సూరయ్య, పక్కింటి ముసలమ్మలు, చుట్టూ నిలబడి చూస్తున్నారు. లెక్చరరుగారు ఆగి, ఇదేమిటని అడిగారు. మందండీ అని చెబితే అయిపోయేది.

నేను టోపీ తీసి చేత్తో పట్టుకున్నాను. గొంతు తగ్గించాను. కొల్లేటి లంక నుంచి ఒక కొత్త పెళ్ళికూతురు పడవలో అత్తవారింటికి వచ్చిందనీ, కాళ్ళ పారాణి ఆరకముందే ఈ నూతిలో పడిందనీ, పడిందో, పడేశారో ఎవరూ తేల్చలేదనీ, ఏటా ఆ తిథినాడు సాయంత్రం నీళ్ళకు ఆ పారాణి రంగు వస్తుందనీ చెప్పాను. ఆ క్షణంలో పుట్టిన కథ అది. ఒక్క ముక్క కూడా ఎవరి దగ్గరా విన్నది కాదు. లెక్చరరుగారి కలం బయటికి వచ్చింది. నాలుగు పేజీలు రాసుకున్నారు. పేరేమిటని అడిగితే పేరు కూడా చెప్పాను. మధ్యలో ఆయనకు దాహమేస్తే వీధివాళ్ళెవరో మంచినీళ్ళు తెచ్చినట్టు గుర్తు. తాగారో లేదో గుర్తు లేదు.

కదిలేటప్పుడు వీరాస్వామి పక్కకు వచ్చాడు.

"అయ్యగారూ, మందని ఒక్క మాట చెప్పేసి కదులుదామండి."

రైలు వేళైందని, రేపు దండోరా వేయిస్తామని అన్నాను. చెబితే కథ పోతుందన్నది అసలు కారణం. లెక్చరరుగారు అక్కడే నా భుజం మీద చెయ్యి వేసి ఉన్నారు.

మర్నాడు జనన మరణాల రిజిస్టరు తనిఖీకి పై అధికారి రావడంతో దండోరా వేయించడానికి తీరిక లేకపోయింది. అని అప్పట్లో అందరికీ చెప్పాను. తనిఖీ ఏమీ రాలేదు. మర్చిపోయాను, అంతే. స్టేషను నుంచి తిరిగి వచ్చిన దగ్గర్నుంచి ఆ కథను ఎవరికి చెబుదామా అన్న ధ్యాసే తప్ప మరొకటి లేదు.

నాలుగో రోజు పొద్దున్న టీకాలవాడు వచ్చి చేపలవాళ్ళ వీధిలో ఇద్దరికి వాంతులు, విరేచనాలని చెప్పాడు. వెళ్ళేసరికి ముగ్గురయ్యారు. మూడోవాడు సూరయ్య. నులక మంచం మీద ఉన్నాడు. కళ్ళు లోపలికి పోయాయి, గొంతు పోయింది. నాగమ్మ పక్కన కూర్చుని చెంచాతో గంజి పోస్తోంది. ఏ నీళ్ళు తాగుతున్నారని నేను అడిగాను. అది మేం అడగవలసిన మొదటి ప్రశ్న.

"కాలువ నీళ్ళేనండి," అంది. "మడుగులోంచి తెచ్చుకుని గుడ్డతో వడకట్టుకుంటున్నామండి."

నుయ్యి ఉండగా కాలువకెందుకు వెళ్ళారని నేను అడగలేదు. మర్నాడు పొద్దున్నే బిందె తోడి చూశారనీ, నీళ్ళు గులాబి రంగులో ఉన్నాయనీ, వెనక్కి పోసి కాలువకు నడిచారనీ వీరాస్వామి తరవాత నాకు చెప్పాడు. మందు సరిగ్గా పనిచేసిందని చెప్పే రంగు అది. నా మోతాదు తప్పలేదు.

సూరయ్య ఆ సాయంత్రం పోయాడు. మొత్తం ముగ్గురు పోయారు.

అప్పుడు నేనే ఆ నూతి గట్టు మీద నిలబడి, వీధి మొత్తం చూస్తుండగా చెంబెడు నీళ్ళు గటగటా తాగి వాళ్ళ భయం పోగొట్టానని చాలాకాలం చెప్పుకున్నాను. నా ఉద్యోగ విరమణ సభలో కూడా ఒకాయన ఆ సంగతి ప్రస్తావించి చప్పట్లు కొట్టించాడు. తాగింది వీరాస్వామి. అయిదో రోజు పొద్దున్న దండోరా వేయించినా ఒక్కరూ బిందెతో రాలేదు. వీరాస్వామి తనే తోడుకుని, తనే తాగి, మిగిలిన నీళ్ళతో మొహం కడుక్కుని గట్టు మీద సాయంత్రం దాకా కూర్చున్నాడు. చీకటిపడేలోపు ఆడవాళ్ళు ఒక్కొక్కరే వచ్చారు. నేను నాలుగు గజాల దూరంలో నోటుబుక్కు పట్టుకుని నిలబడ్డాను.

ఇంకొకటి ఉంది. కలరా రిజిస్టరులో "రోగం ఎక్కడ సోకింది" అని ఒక గడి ఉంటుంది. ఊళ్ళో నీళ్ళ వల్లనైతే ఆ వార్డు ఇన్‌స్పెక్టరు సంజాయిషీ ఇవ్వాలి. బయటినుంచి వచ్చినదైతే అక్కర్లేదు. సూరయ్య అంతకు వారం ముందు కావిడితో కొల్లేరు వెళ్ళి వచ్చాడు. నేను ఆ గడిలో "కొల్లేరు ప్రయాణం" అని రాశాను. హెల్త్ ఆఫీసరుగారు నన్ను నమ్మారు. ఆ మాట మీదనే ఆ వీధి గంపలు బజారులోకి రాకూడదని రెండు వారాలు నిషేధం పెట్టారు. నిషేధం తీసేశాక కూడా, రోగం తెచ్చిన వీధి అని వాళ్ళ దగ్గర కొనేవాళ్ళు కరువయ్యారు.

దినకర్మలైన మర్నాడు నాగమ్మ ఆఫీసుకు వచ్చింది. గుమ్మం బయటే నిలబడింది.

"మా ఆయన కొల్లేట్నించి తెచ్చాడని రాశారంటండి. లంకల్లో ఒక్కరికీ లేదండి. కావాలంటే కనుక్కోండి. ఆ మాట తీసెయ్యండి బాబూ. రేపు నా కొడుకుని కూడా అలాగే అంటారు."

కాగితాలు జిల్లా ఆఫీసుకు వెళ్ళిపోయాయని చెప్పాను. అప్పటికి వెళ్ళలేదు. నా బల్ల మీదే, టోపీ కింద ఉన్నాయి. ఆ సాయంత్రం పంపించాను. గడి దిద్దలేదు.

నేను ముప్ఫై ఏళ్ళు ఆ శాఖలో పనిచేశాను. ఆ ఏటి సంగతి వల్ల నేర్చుకున్నది ఇది. ఖాకీ బట్టలు తొడుక్కున్నవాడు సరదాకైనా రెండు రకాల మాటలు మాట్లాడకూడదు. వినేవాళ్ళకు ఉద్యోగం మాట ఏదో, కథ ఏదో విడదీసి ఇవ్వడం చెప్పేవాడి పని. చదువులేని జనానికి దయ్యం మీద ఉన్నంత నమ్మకం మందు మీద ఉండదు. అది తెలిసి కూడా నేను దయ్యాన్ని నూతిలో దింపాను. తరువాత ఎన్ని ఊళ్ళు తిరిగినా, దండోరా వేయించకుండా ఏ నూతిలోనూ మందు వేయించలేదు.

ఇక్కడితో ఆపేద్దామనుకున్నాను. కానీ అచ్చుకు పంపేముందు ఒకరికి వినిపించాలనిపించింది. నాగమ్మ ఇప్పుడు గుండుగొలనులో కొడుకు దగ్గర ఉంటోంది. అతను చేపల చెరువులు చూసుకుంటాడు. బస్సెక్కి వెళ్ళాను. అరుగు మీద చాటలో బియ్యం ఏరుకుంటోంది. గుర్తుపట్టింది. కూర్చోమని మడత కుర్చీ వేయించింది. మొదటినుంచి చివరిదాకా చదివాను, రిజిస్టరు సంగతితో సహా. చాట కిందపెట్టకుండా విన్నది. ఒకచోట కూడా ఆపలేదు. కాగితాలు మడిచి జేబులో పెట్టుకున్నాను. నేను క్షమించమని అడగబోయాను.

"అదలా ఉంచండి," అంది. "మీ కథకి మేం భయపడిపోయామని రాసుకున్నారాండి? మాకు దయ్యాలు కొత్తాండీ? కొల్లేట్లో పుట్టినోళ్ళం. మీరు చెబుతుంటే మా అత్త నవ్వింది కూడాను. ఆ విశాఖపట్నం ఆయన దాహం అన్నాడు. మా ఆయనే ఆ నూతిలో తోడి ముంతతో ఇచ్చాడండి. మీరు కథ ఆపకుండానే ఆయన చేతిలో ముంత లాక్కుని పారబోశారు."

తెల్లారేదాకా ఆ నీళ్ళు తాగకూడదన్నది పద్ధతి అని నేను గొణిగాను.

"ఆ పద్ధతి మాకెవరు చెప్పారండి? మందేసే ఆయనే తన చుట్టాన్ని తాగనివ్వలేదు. ఆ నీళ్ళు మా పిల్లలకెలా పోస్తామండి? దయ్యం గియ్యం కాదు, మిమ్మల్ని చూసి మానేశాం. అది రాయండి."