మరణ నమోదులో సైదులు

కరోనాకు ముందు ఏడాది నన్ను సూర్యాపేట క్లస్టర్‌కు ఫీల్డ్ సూపర్‌వైజర్‌గా వేశారు. సూర్యాపేట, కోదాడ, మిర్యాలగూడ పట్టణాలు, వాటి చుట్టూ ఉన్న మండలాలు నా పరిధి. నా కింద నలుగురు ఫీల్డ్ ఎగ్జిక్యూటివ్‌లు, నా పైన హైదరాబాద్‌లో క్వాలిటీ మేనేజర్. ఇప్పుడు చెప్పబోయేది కరోనా ఆంక్షలు పూర్తిగా ఎత్తేశాక వచ్చిన వానాకాలంలో జరిగింది.

మా పని బ్యాక్‌గ్రౌండ్ వెరిఫికేషన్. ఉద్యోగంలోకి తీసుకునే ముందు కంపెనీలు, ఇల్లు కిరాయికిచ్చే ముందు కొందరు యజమానులు, ఆ మనిషి చెప్పిన వివరాలు నిజమో కాదో చూడమని మాకు అప్పగిస్తారు. చిరునామా, చదువు, పాత ఉద్యోగం, కోర్టు కేసులు విడివిడిగా చూస్తాం. అన్నీ సరిపోతే రిపోర్టు ఆకుపచ్చ, ఏదైనా తేలకపోతే పసుపు, తప్పని తేలితే ఎరుపు. ఆ మనిషి సంతకం చేసిన సమ్మతి పత్రం లేకుండా ఒక్క ఫోన్ కూడా చేయకూడదు. ఇరుగుపొరుగుకు మా పనేమిటో చెప్పకూడదు. ఒక పనికోసం సేకరించిన వివరాన్ని మరో పనికి వాడకూడదు. వ్యక్తిగత డేటా చట్టం అప్పటికింకా రాలేదు కానీ ఈ నియమాలన్నీ మా మాన్యువల్‌లో ఉండేవి. వాటిని గట్టిగా పట్టుకునే మనిషినని ఆఫీసులో నాకు పేరు.

సైదులు ఫైలు ఒక బుధవారం పొద్దున వచ్చింది. ముప్పై రెండేళ్ల వయసు. సొంతూరు చివ్వెంల మండలంలో ఒక పల్లె. మిర్యాలగూడలో ఒక రైస్ మిల్లులో ఏడేళ్లుగా పని. ఒక గోడౌన్ల కంపెనీ అతన్ని స్టోర్ ఇన్‌చార్జిగా తీసుకోబోతోంది. అలవాటు ప్రకారం ముందుగా ఫోన్ చేశాను. హుషారుగా మాట్లాడాడు. "ఎప్పుడొచ్చినా ఇంట్ల మా ఆమె ఉంటది మేడం" అన్నాడు.

మధ్యాహ్నానికి హైదరాబాద్ నుంచి రికార్డుల తనిఖీ ఫలితం వచ్చింది. ఈ వివరాలతో పది నెలల కిందట కోదాడలో మరణం నమోదై ఉంది అని అందులో రాశారు.

మొదట తేలిగ్గానే తీసుకున్నాను. మా ప్రాంతంలో సైదులు పేరు వీధికి ఇద్దరికి ఉంటుంది. కానీ ఇక్కడ తండ్రి పేరు అదే. పుట్టిన తేదీ అదే. ఊరు, ఆధార్ చివరి నాలుగు అంకెలు కూడా అవే. పొద్దున నాతో మాట్లాడిన మనిషి, కాగితం ప్రకారం, పది నెలలుగా లేడు.

మళ్లీ ఫోన్ చేసి కోదాడలో ఎప్పుడైనా ఉన్నారా అని అడిగాను. ఉండలేదన్నాడు. అక్కడ మీ పేరు మీద ఒక చిరునామా వచ్చింది, సమ్మతి పత్రం ప్రకారం అది కూడా చూడాలి అన్నాను. అటు నుంచి మిల్లు యంత్రాల మోత దూరమైంది, బయటికి నడిచినట్టున్నాడు.

"మేడం, గాడికి పోవుడు అవసరమా?" అన్నాడు.

అవసరమేనన్నాను. "పొండ్రి మరి" అని పెట్టేశాడు.

మరునాడు ముందు అతని పల్లెకు వెళ్లాను. వాన పడి వెలిసింది. పక్కింటివాళ్లు చిరునామా నిజమేనన్నారు. సైదులు భార్య రేణుక నన్ను లోపల కూర్చోబెట్టి నా గుర్తింపు కార్డు రెండుసార్లు చదివింది. మామూలు ప్రశ్నలు అడిగి లేవబోతుంటే ఆమె తలుపు దగ్గరికి వేసింది.

"మీరు ఆ కాయితం గురించి వచ్చిండ్రా?" అని అడిగింది.

ఏ కాగితమన్నాను. బియ్యం డబ్బా అడుగు నుంచి ఒక కవరు తీసి ఇచ్చింది. కోదాడ నుంచి వచ్చిన ఉత్తరం. దివంగత సైదులు కుటుంబసభ్యులకు అని పైన రాసి ఉంది. మీ మనిషి మా ఇంట్లో కిరాయికి ఉంటూ జబ్బు చేసి పోయాడు, ఎవరూ రాకపోతే దహనం నేనే చేయించాను, సామాను నా దగ్గరే ఉంది, వచ్చి తీసుకుపోండి అని లోపల నాలుగు వాక్యాలు.

"ఇది వచ్చిన దినం మా ఆయన గీడనే కూసొని అన్నం తింటుండు" అంది రేణుక. "ఒక చేతిల కాయితం, ఒక చేతిల పప్పు గిన్నె. ఎట్ల సూపెట్టాలె మేడం? సూపెడితే నిజమైతదేమోనని బుగులు వట్టింది. పది నెలల సంది ఆయన పండుకున్నంక ఊపిరి సూస్తున్న."

నాకు తెలిసింది ఆమెకు చెప్పడానికి వీల్లేదు. ఆ రిపోర్టు అభ్యర్థిది, భార్యది కాదు. ఉత్తరం మీ ఆయనకు చూపించండి అని మాత్రం చెప్పి బయటికొచ్చాను. ఆ ఊళ్లో బస్సు కోసం నిలబడ్డ అరగంట, దారిన పోయే ప్రతి మనిషిలోనూ ఫైల్లో ఉన్న ఫొటో పోలికలు వెతుకుతూ ఉన్నాను.

కోదాడ చేరేసరికి మధ్యాహ్నం. ఇంటి యజమాని వెంకటేశ్వర్లు గారు లైన్‌మన్‌గా రిటైరైన మనిషి. గేటు తీస్తూనే, "ఇన్నాళ్లకు వచ్చారా అమ్మా! సైదులికి ఏమవుతారు మీరు?" అన్నారు. చుట్టాన్ని కాదు, చిరునామా సరిచూడ్డానికి వచ్చానన్నాను. ఆయన నమ్మినట్టు లేదు. తాళంచెవి తీసుకుని మేడ మీదికి దారితీశారు.

గది ఊడ్చి శుభ్రంగా ఉంది. చుట్టిపెట్టిన చాప, ఒక సంచి, కడిగి బోర్లించిన టిఫిన్ డబ్బా. క్యాలెండర్ పోయిన ఏడాది, ఆ మనిషి చనిపోయిన నెల దగ్గరే ఆగిపోయింది. మేకుకు ఒక చొక్కా వేలాడుతోంది. ఫైల్లో ఉన్న సైదులు సన్నటి మనిషి. ఆ చొక్కాలో అలాంటివాళ్లు ఇద్దరు పడతారు.

"మంచివాడమ్మా" అన్నారు వెంకటేశ్వర్లు గారు. "మోటర్ల రిపేరు షాపులో పని. మాట తక్కువ. ఒక్కటే వింత. సైదులూ అని పిలిస్తే ఒక్కసారికి పలికేవాడు కాదు. రెండోసారి పిలిస్తే అప్పుడు ఉలిక్కిపడి చూసేవాడు. చెవుడేమో అనుకున్నాం. కామెర్లు వచ్చాయి. ఆకుమందు తాగుతా కూర్చున్నాడు, దవాఖానకు పోరా అంటే వినలా. ముదిరాక ఒకరోజు పొద్దున్నే నేను పైకొస్తే, నాగరాజుకు దప్పికైతుంది, నీళ్లియ్యండి అన్నాడు. గదిలో ఇంకెవరూ లేరు. తలుపు వెనకాల కూడా చూశా. గ్లాసు నోటి దగ్గర పెడితే, నాకు గాదు, నాగరాజుకు అన్నాడు. దవాఖానలో వేసిన రెండో రోజు పోయాడు."

ఆ తర్వాత గది ఎవరికీ ఇవ్వబుద్ధి కాలేదన్నారు.

ఫొటో ఏమైనా ఉందా అని అడిగాను. కిందికి తీసుకెళ్లి చూపించారు. కిరాయికి చేరినప్పుడు అతనిచ్చిన ఆధార్ జిరాక్సునే పెద్దది చేయించి, ఫ్రేము కట్టించి, పూసల దండ వేశారు. జిరాక్సు మీద జిరాక్సు. చెవులు, చొక్కా కాలరు మాత్రమే తెలుస్తున్నాయి. మొహం ఉండాల్సిన చోట నల్లటి మరక.

దాని ముందు నిలబడి ఉండగా నా చేతిలో ఫోన్ మోగింది. తెర మీద సైదులు అని పేరు. వెంకటేశ్వర్లు గారు దాన్ని చదివారు. తలెత్తి పటం వైపు చూశారు. నేను కాల్ కట్ చేశాను. నేను గేటు దాటేదాకా ఆయన గుమ్మంలోంచి కదల్లేదు.

ఇరవై ఏళ్ల సర్వీసులో దొంగ సర్టిఫికెట్లు చూశాను, లేని కంపెనీలు చూశాను. ఏ ఇంటి నుంచీ అంత తొందరగా బయటపడలేదు.

వ్యతిరేకమైన వివరం దొరికితే, రిపోర్టు పంపే ముందు దాన్ని అభ్యర్థికి చెప్పి అతని సంజాయిషీ తీసుకోవాలి. అందుకని శుక్రవారం మిర్యాలగూడలో మిల్లు ఎదురుగా ఉన్న హోటల్లో సైదులును కలిశాను. ఫొటోలో ఉన్న మనిషే. ఎదురుగా కూర్చుని టీ గ్లాసు పట్టుకున్న అతని వేళ్లను నేను అవసరానికి మించి చూశానని ఒప్పుకోవాలి.

"నిన్న ఫోన్ చేస్తే కట్ చేసిండ్రు. గప్పుడే సమజైంది, ఏదో అయిందని" అన్నాడు. తర్వాత అంతా తానే చెప్పాడు.

నాగరాజు అతనితోపాటు మిల్లులో పనిచేసినవాడు. అనంతగిరి మండలం మనిషి. ఆత్మకూరు వైపు ఒక పెళ్లి దగ్గర కొట్లాట జరిగితే విడిపించబోయి కేసులో ఇరుక్కున్నాడు. కోర్టు ఆ కేసు కొట్టేసింది.

"కొట్టేసినా ఏం ఫాయిద మేడం? కోదాడల పని దొరికింది, గది దొరకలె. మూడిండ్లు సూసుకున్నడు. మూడిండ్లల్ల కేసున్నది నీ మీద, పో అన్నరు. వెరిఫికేషనోళ్లు రాసిచ్చిండ్రట. నీ ఆధార్ జిరాక్స్ ఇయ్యిరా, ఒక్కసారి గది దొరకనియ్యి అని నా కాడికొచ్చిండు. ఇచ్చిన. తప్పే. గని ఆడు దొంగ గాదు." చేతిలో గ్లాసు తిప్పుతూ అడిగాడు, "ఇప్పుడాడు ఏడున్నడు మేడం?"

చెప్పాను. అతను గ్లాసు బల్ల మీద పెట్టి, రెండు చేతులూ ఒళ్లో పెట్టుకున్నాడు.

"అంటే నా పేరు మీద పోయిండా?" అన్నాడు. "ఆని పెండ్లం యాదమ్మ నెలకోపారి ఫోన్ చేస్తది. మీ దోస్తు జాడ తెలిసిందా అంటది. గది ఏడ దొరికిందో ఆడు మా ఇద్దరికీ జెప్పలె. హైదరాబాద్ పోయిండేమో, ఫోన్ పోగొట్టుకున్నడేమో అని నేను జెప్తున్న. పది నెలల సంది గదే జెప్తున్న."

ఇదంతా రాస్తే ఉద్యోగం పోతుందా అని అడిగాడు. పోవచ్చన్నాను. దాచిపెట్టి రాయడం నా చేతిలో లేదని కూడా చెప్పాను. కాగితం అడిగి తీసుకుని, తన సంజాయిషీ తానే రెండు పేజీలు రాసి సంతకం చేశాడు.

మేనేజర్‌కు ఫోన్ చేస్తే ఆయన స్పష్టంగానే చెప్పారు. అభ్యర్థి బతికే ఉన్నాడు, ఆధార్ వేరేవాళ్లకిచ్చాడు, రిపోర్టు ఎరుపు. ఆ యాదమ్మ ఎవరో మన ఫైల్లో లేదు, ఆమెకు కబురు చేయడం మన పని కాదు. నియమం ప్రకారం ఆ మాట తప్పు కాదు. ఉద్యోగం కోసం సేకరించిన వివరం అది.

సూర్యాపేట ఆఫీసుకు తిరిగొచ్చాక, వెరిఫికేషనోళ్లు రాసిచ్చారట అని సైదులు అన్న మాట నన్ను వదల్లేదు. కోదాడలో అప్పట్లో అద్దె వెరిఫికేషన్లు ఎక్కువగా మా దగ్గరికే వచ్చేవి. పాత ఫైళ్లు తీశాను. ఏడాదిన్నర కిందటి మూడు అద్దె రిపోర్టులు దొరికాయి, మూడూ నాగరాజువే. సమ్మతి పత్రాల మీద అతని సంతకం గుండ్రంగా, జాగ్రత్తగా ఉంది. కోర్టు కేసుల గడిలో ఉంది అని ఒక్క మాట. దాని కింద కేసు ప్రస్తుత స్థితి అనే గడి మూడింటిలోనూ ఖాళీ. మా ఫీల్డ్ కుర్రాడు కోర్టు వెబ్‌సైట్లో పేరు కొట్టి చూశాడు, కేసు వచ్చింది, రాశాడు. అది కొట్టేసి అప్పటికే మూడు నెలలైంది. ఆ గడి ఖాళీగా ఉంటే రిపోర్టు వెనక్కి పంపాల్సింది సూపర్‌వైజర్. మూడింటి కింద ఆమోదించిన సంతకం నాది.

ఆ సాయంత్రం నా తప్పును లిఖితపూర్వకంగా హైదరాబాద్‌కు తెలిపాను. తర్వాత సైదులుకు ఫోన్ చేశాను. యాదమ్మకు మా కంపెనీ చెప్పడానికి వీల్లేదు, కానీ మీ పేరు మీది, మీ నోటితో మీరు చెప్పొచ్చు అన్నాను. "నాకు ఒక్కనికి పోబుద్ధయితలేదు. మీరు గూడ వస్తరా?" అన్నాడు. అతని రాతపూర్వక అనుమతి తీసుకుని, సెలవు పెట్టి వెళ్లాను.

కోదాడలో వెంకటేశ్వర్లు గారి ముందు సైదులు నిలబడి తన పేరు చెప్పినప్పుడు ఆయన చేయి పట్టుకుని చూశారు, వేడిగా ఉందో లేదో అన్నట్టు. తర్వాత వెళ్లి పటానికున్న దండ తీసేశారు. ముగ్గురం పోలీస్ స్టేషన్లో వాంగ్మూలాలు ఇచ్చి, ఒక కానిస్టేబుల్‌తో కలిసి అనంతగిరి వైపు వెళ్లాం.

యాదమ్మ పొలం నుంచి వచ్చింది. సైదులు జరిగిందంతా చెప్పాడు. ఆమె కోదాడ గది నుంచి మేం తెచ్చిన సంచి విప్పి, చొక్కా తీసి రెండో గుండీ తడిమి చూసింది. "నేను కుట్టిందే. దారం తెల్లది దొరక్క ఎర్రదేసిన" అంది. అప్పుడు నా వైపు తిరిగి, "మీరెవరమ్మా?" అని అడిగింది.

మీ ఆయన గురించి ఇంటి యజమానులకు రాసిచ్చింది నేనే, కేసు ఉందని రాశాం, కొట్టేశారని రాయలేదు అని చెప్పాను.

ఆమె చొక్కా మడత పెట్టింది. "కొట్టేసిన దినం నడుసుకుంట ఇంటికొచ్చిండు. కోడి గోసిన" అంది. అంతే. మళ్లీ సంచిలో వస్తువులు ఒక్కొక్కటే తీయసాగింది.

గోడౌన్ల కంపెనీ సైదులును తీసుకోలేదు. మరణ నమోదు సరిచేయించడానికి అతనికి ఏడు నెలలు పట్టింది. ఆ ఏడు నెలలూ ఏ దరఖాస్తు పెట్టినా, ముందు తాను బతికున్నట్టు అఫిడవిట్ జతచేయాల్సి వచ్చేది. పని మాత్రం పాత మిల్లులోనే సాగింది. యాదమ్మకు భర్త పేరుతో మరణ ధ్రువపత్రం ఆ తర్వాతే వచ్చింది. నాకు మెమో ఇచ్చి, ఒక ఇంక్రిమెంట్ ఆపారు. అది సరైన శిక్షేననుకున్నాను.

మా క్లస్టర్ పాత అద్దె రిపోర్టులన్నీ తిరగేయించాను. ఆ గడి ఖాళీగా ఉన్నవి ఇంకా దొరికాయి. ఆ మనుషులకూ, ఇంటి యజమానులకూ సవరణ ఉత్తరాలు పంపాం. కొన్ని, ఆ పేరు గల వ్యక్తి ఇక్కడ లేరు అనే రాతతో తిరిగొచ్చాయి. వాళ్లు ఎక్కడ, ఏ పేరుతో ఉంటున్నారో నాకు తెలియదు.

రిటైరయ్యేదాకా, కోర్టు ఉత్తర్వు నకలు జతచేయకుండా కేసుల గడిని ఎవరినీ నింపనివ్వలేదు. దానివల్ల రోజుకు రెండు మూడు ఫైళ్లు వెనకబడేవి. ఎందుకు వెనకబడుతున్నాయని హైదరాబాద్ నుంచి ప్రతి నెలా అడిగేవారు. నాగరాజు ఫైలు నంబరు రాసి పంపేదాన్ని.