మిరపకల్లంలో నస్రత్ కెమెరా

డాక్యుమెంటరీ తీద్దామని నస్రత్ హ్యాండీకామ్ ఎత్తిందంటే చాలు, దర్శి మిరపకల్లంలో ఆడవాళ్లంతా పని ఆపి, పెళ్లి వీడియోకి నిలబడ్డట్టు వరసగా నిలబడేవాళ్లు. ఆమెకేమో ఎవరూ నిలబడని సినిమా కావాలి. బోర్లా పడుకుని తీసింది. వాళ్లు వంగి మరీ నవ్వుముఖాలు పెట్టారు. చివరికి ఆన్‌ చేసిన కెమెరాని గురవమ్మ తలమీది కాయల గంపలో పెట్టింది. కబుర్లలో పడ్డ గురవమ్మ అలవాటుగా గంపంతా రాశిమీద కుమ్మరించేసింది.

“ఓరి నాయనో! నీ డబ్బా కూడా పోసేశానే పిల్లా!”

“సినిమా కాస్తా పచ్చడైంది,” అంది ఇంకొకామె.

అందరూ రాశిని కెలికారు. ఘాటుకి తుమ్ములు, తుమ్ములకి నవ్వులు. దొరికిన కెమెరాలో టేపు వెనక్కి తిప్పి చూస్తే, జారిపడే ఎరుపు, చీకటి, తర్వాత కాయల సందుల్లో ముక్కులు చీదుకుంటూ, పడీపడీ నవ్వుతున్న ముఖాలు.

“ఇదే పిన్నీ నాక్కావాల్సింది!” అంటూ నస్రత్ గెంతింది.

గురవమ్మ గంప ఎత్తుకుంది. “అయితే మళ్లీ పొయ్యమంటావా?”