మీ టీవీలోనే తేడా అన్నాను

ఆరేళ్లుగా మోస్తున్నాను దీన్ని. ఇంట్లోవాళ్లకి కూడా చెప్పలేదు. మీరెవరో నాకు తెలియదు కాబట్టి మీకు చెప్పగలుగుతున్నానేమో.

నేను హాలీవుడ్ పక్కన బర్‌బ్యాంక్‌లో కలరిస్ట్‌ని. పాత సినిమాలు స్కాన్ చేసి ఇస్తే, వాటి రంగులూ వెలుగూ సరిచేస్తాను. ఆ ఏడాది నా చేతికొచ్చిన సినిమాకి కెమెరామన్, హంగరీ నుంచి వచ్చిన ఒక పెద్దాయన. వయసులో ఉండగా దేశం వదిలొచ్చి, ఇక్కడ స్టూడియోల్లో లైట్లు మోసి, పదేళ్లకి కెమెరా పట్టుకున్నాడు. ఎనభై దాటినా రోజూ వచ్చి నా పక్కన కూర్చునేవాడు. తల్లి ఏడ్చే సీను రాగానే నన్ను ఆపాడు. అక్కడ ఆమె మొహం కనబడకూడదట. చీకట్లో ఏడుపు వినబడితే చాలట.

తర్వాతి వారం ఆయన హాస్పిటల్‌లో చేరాడు. సీను మరీ చీకటిగా ఉందన్నారు మా మేనేజర్. వెలుగు పెంచాను. పెద్దాయన చూశారా అని మేనేజర్ అడిగితే, చూసి ఓకే చేశారన్నాను.

ఎందుకన్నాను? జాబ్ పోతే వీసా పోతుందని భయపడ్డానని నాకు నేనే చెప్పుకునేదాన్ని. నన్నెవరూ బెదిరించలేదు. పని తెమిలిపోతే చాలనుకున్నాను, అంతే.

ఆ సినిమా డిస్క్ బయటికొచ్చాక పెద్దాయన ఫోన్ చేశాడు.

"ఆమె మొహం కనబడుతోందేమిటి?"

"మీ టీవీలో తేడా అయ్యుంటుంది సర్. మేమేం మార్చలేదు."

"అయితే నా కళ్లే పోతున్నాయన్నమాట" అన్నాడు.

కాదు సర్, అనాలి. ఒక్క మాట. అనలేదు.

ఆ తర్వాత ఇంకో సినిమాకి పిలిస్తే రానన్నాడు. పోయినేడు చనిపోయాడు. ఇప్పుడు అదే సినిమా మళ్లీ రిలీజ్ చేస్తున్నారు, ఆయన స్వయంగా ఓకే చేసిన ప్రింట్ అని అట్ట మీద వేసి మరీ. అది చూశాక ఇక ఆగలేకపోయాను. జరిగిందంతా నిన్న రాసి, కింద నా పేరు పెట్టి, కంపెనీకి పంపాను. జాబ్ ఉంటుందో ఊడుతుందో తెలియదు. ఈ ఉదయం ఆ పెద్దాయన కూతురికి ఫోన్ చేసి చెప్పాను.

నాన్న ముగ్గురు కంటి డాక్టర్లకి చూపించుకున్నారంది ఆవిడ. ఏ లోపమూ లేదని ముగ్గురూ చెప్పినా నమ్మలేదట. కెమెరాలన్నీ ఇచ్చేశారట. ఆ మాట చెప్పి ఫోన్ పెట్టేసింది.

సారీ అని నేననలేదు. అనుంటే ఆవిడ ఏదో ఒకటి బదులు చెప్పాల్సొచ్చేది. సీను వెలుగు పెంచింది నేను. ఆయనతో అబద్ధమాడింది నేను. ఇంతకాలానికి ఆ రెండు ముక్కలూ పైకి అనగలిగాను.